రోమ్‌లోని పోంటె రోత్తో: తరచుగా అడిగే ప్రశ్నలు

రోమ్ వెళ్లొచ్చినవాళ్ల ఫోటోల్లో కొలోసియం, వాటికన్ అయ్యాక అప్పుడప్పుడూ ఒక వింత కట్టడం కనిపిస్తుంది. నది మధ్యలో ఒంటరిగా ఒకే ఒక్క కమాను. అటు గట్టుకూ అందదు, ఇటు గట్టుకూ అందదు. కింద నీళ్లు, పైన పిచ్చిమొక్కలు. దాని గురించి నెట్‌లో తిరిగే కబుర్లలో కొన్ని నిజం, చాలావరకు పెంచి చెప్పినవి. అందుకే మళ్లీ మళ్లీ వచ్చే ప్రశ్నలకు జవాబులన్నీ ఒకచోట పెట్టాను.

ఇంతకీ ఇది ఏమిటి? ఎక్కడుంది?

రోమ్ నగరం మధ్యలో ప్రవహించే టైబర్ నది మీద ఒకప్పుడున్న ఏమీలియస్ వంతెనలో మిగిలిన ముక్క ఇది. ఇప్పుడు ఇటాలియన్‌లో పోంటె రోత్తో అంటారు, అంటే విరిగిన వంతెన. నది నడుమ పడవ ఆకారంలో ఉండే టైబర్ దీవికి కాస్త దిగువన కనిపిస్తుంది. ఎడమ గట్టు మీద పాత రోమ్ పశువుల సంత ఉండేది, రేవు కూడా అక్కడే. కుడి గట్టు మీదిది ట్రాస్తెవెరె పేట. ఆ రెంటినీ కలపడానికి కట్టిన వంతెన ఇది. రోమ్‌లో రాతితో కట్టిన వంతెనల్లో ఇదే అన్నిటికంటే పాతదని చరిత్రకారులు చెబుతారు.

ఎవరు కట్టారు? ఎప్పుడు?

పని క్రీ.పూ. 179లో మొదలైంది. ఆ ఏడాది సెన్సార్ పదవిలో ఇద్దరున్నారు: మార్కస్ ఏమీలియస్ లెపిడస్, మార్కస్ ఫుల్వియస్ నోబిలియర్. సెన్సార్ అంటే సినిమా సెన్సార్ అనుకునేరు. రోమ్‌లో ఆ పదవి చాలా పెద్దది. జనాభా లెక్కలు తీయడం, సెనేట్‌లో ఎవరుండాలో తేల్చడం, ప్రభుత్వ పనులకు కాంట్రాక్టులివ్వడం అన్నీ వాళ్ల చేతిలోవే. నదిలో స్తంభాలు కట్టే కాంట్రాక్టు ఇచ్చింది ఫుల్వియస్ అని రోమన్ చరిత్రకారుడు లివీ రాశాడు. పేరు మాత్రం ఏమీలియస్‌కి దక్కింది! ఇలాంటివి అప్పుడూ ఉన్నాయన్నమాట.

స్తంభాలు లేచాయి గానీ వాటి మీద రాతి కమానులు రావడానికి క్రీ.పూ. 142 దాకా ఆగాల్సి వచ్చింది. అంటే 37 ఏళ్లు. ఫ్లైఓవర్ పిల్లర్లు లేచి, స్లాబు పడక ఏళ్ల తరబడి అలాగే నిలబడే ఊళ్లలో బతికే మనకు ఇది పెద్ద ఆశ్చర్యం కాదు. ఆ మధ్యకాలంలో స్తంభాల మీద చెక్కతో దారి వేసి వాడుకుని ఉంటారని పండితుల అంచనా. చివరికి కమానులు వేయించినవాళ్లు ఆనాటి సెన్సార్లు, స్కిపియో ఎమిలియానస్, లూసియస్ మమ్మియస్. వీళ్లిద్దరి సంగతి చిత్రమైనది. అంతకు నాలుగేళ్ల ముందు, క్రీ.పూ. 146లో, ఒకాయన కార్తేజ్‌ని నేలమట్టం చేశాడు, ఇంకొకాయన గ్రీసులో కొరింత్‌ని తగలబెట్టాడు. రెండు మహానగరాలను కూల్చిన చేతులే సొంత ఊళ్లో ఈ వంతెన పూర్తి చేశాయి.

శత్రువుల్ని రోమన్ వీరుడు హొరేషియస్ ఒంటరిగా అడ్డుకున్న వంతెన ఇదేనా?

కాదు. ఆ కథలోది సుబ్లీషియస్ వంతెన. అది పూర్తిగా చెక్కది, ఇంకా పాతది, దీనికి కొంచెం దిగువన ఉండేది. ఇప్పుడు దాని ఆనవాళ్లేమీ లేవు. రెండూ దగ్గరదగ్గరగా ఉండటంతో గైడ్లు కూడా కలిపేసి చెబుతుంటారు.

ఇప్పుడు కనిపిస్తున్నదంతా రోమన్ల కాలందేనా?

అందరూ అడగాల్సిన ప్రశ్న ఇది, అడిగేవాళ్లే తక్కువ. “2,200 ఏళ్లనాటి రోమన్ కమాను” అని ఫోటో కింద రాసి షేర్ చేస్తుంటారు. అది సగమే నిజం.

నీళ్లలో నిలబడ్డ స్తంభాలు ప్రాచీన రోమన్లవి. వాటి మీద నిలిచిన కమాను మాత్రం 16వ శతాబ్దంలో తిరిగి కట్టింది. దగ్గరగా చూస్తే మీకే అర్థమవుతుంది. రాళ్ల మధ్య రెక్కల డ్రాగన్ బొమ్మ చెక్కి ఉంటుంది. రోమన్లు వంతెన మీద డ్రాగన్ ఎందుకు చెక్కుతారు? అది బొంకొంపాన్యి వంశం చిహ్నం. ఆ వంశానికి చెందిన పోప్ 13వ గ్రెగరీ 1575లో వంతెనను బాగుచేయించి తమ గుర్తు వేయించుకున్నాడు. మనందరం వాడే క్యాలెండర్‌ని 1582లో తెచ్చింది కూడా ఈయనే.

కాబట్టి ఇది ఒక్క కాలం నాటి కట్టడం కాదు. కింద రిపబ్లిక్ కాలం, అంటే చక్రవర్తులు రాకముందు కాలం నాటి పని. అగస్టస్ చక్రవర్తి కూడా దీన్ని బాగుచేయించాడు, ఆ సంగతి చెప్పే శాసనం ఒకప్పుడు వంతెన మీదే ఉండేది. క్రీ.శ. 280లో ప్రోబస్ చక్రవర్తి మరమ్మతు చేయించాడంటారు. ఆపైన పోపుల పనులు ఒకదాని మీద ఒకటి. కూలినప్పుడల్లా నిలిచిన భాగాన్ని వదిలేయకుండా దాని మీదే మళ్లీ కట్టుకుంటూ పోయారు. “అసలైన రోమన్ వంతెన” అంటే నాకు చిరాకు అందుకే. పదిహేడు వందల ఏళ్ల మరమ్మతుల చరిత్రను ఆ ఒక్క మాట మింగేస్తుంది.

ఎన్నిసార్లు కూలింది?

పురాతన కాలంలో ఎన్ని దెబ్బలు తిన్నదో లెక్క కట్టలేం గానీ, మధ్యయుగం నుంచి బాగానే తెలుసు. 1230లో పెద్ద వరద వచ్చి దెబ్బతీసింది. అప్పటి పోప్ 9వ గ్రెగరీ తిరిగి కట్టించాడు. 1450 జూబిలీ ఏడాదికి, అంటే పోప్ ప్రకటించే పవిత్ర సంవత్సరానికి, యాత్రికులు పోటెత్తుతారని పోప్ 5వ నికొలస్ మళ్లీ బాగుచేయించాడు. ఆ రోజుల్లో దీన్ని శాంటా మరియా వంతెన అనీ సెనేటర్ల వంతెన అనీ పిలిచేవారు.

1557 సెప్టెంబరు వరదకు మళ్లీ కూలింది. దాదాపు రెండు దశాబ్దాలు అలాగే పడి ఉంది. 1575 జూబిలీ ముందు 13వ గ్రెగరీ కట్టించి, ఒక శాసనం కూడా చెక్కించాడు. నది ఉరవడికి పడిపోయిన కమానులను నిలబెట్టి వంతెనకు పూర్వపు బలాన్నీ అందాన్నీ తిరిగి ఇచ్చామని దాని సారాంశం.

ఆ బలం 23 ఏళ్లు నిలిచింది.

1598లో ఏం జరిగింది?

డిసెంబరు 24, క్రిస్మస్ ముందు రాత్రి. టైబర్‌కు వచ్చిన వరదల్లో నమోదైనవాటిలో అన్నిటికంటే పెద్దది అదే. నదిమట్టం కొలిచే రిపెట్టా రేవు దగ్గర నీళ్లు 19.56 మీటర్లకు చేరాయి. పాంథియాన్ వెనక శాంటా మరియా సోప్రా మినెర్వా చర్చి ముందుగోడ మీద వరద ఎంత ఎత్తుకొచ్చిందో గుర్తుపలకలు వరసగా ఉంటాయి. అందులో 1598ది అన్నిటికంటే పైన, మనిషి తల ఎత్తుకంటే చాలా పైన ఉంటుంది. రోమ్ వెళ్తే కొలోసియం క్యూలో నిలబడే సమయంలోంచి పది నిమిషాలు తీసి ఆ గోడ చూడండి. ఈ వంతెన కథ అక్కడ సగం అర్థమైపోతుంది.

ఆ రాత్రి వంతెన ఎడమ గట్టు వైపు సగం, అంటే ఆరు ఖానాల్లో (స్తంభాల మధ్య కమానుల్లో) మూడు, కొట్టుకుపోయింది. మిగిలిన మూడు ట్రాస్తెవెరె గట్టుకు అతుక్కుని ఎక్కడికీ చేరని దారిలా నిలిచాయి. ఇక రాతితో దాన్ని ఎవరూ పూర్తి చేయలేదు. విరిగిన వంతెన అన్న పేరు అప్పుడు స్థిరపడింది.

స్పానిష్ మెట్ల కింద ఉండే పడవ ఆకారపు ఫౌంటెన్ కూడా ఈ వరదకు గుర్తేనని ఒక కథ. ఆ చౌక్‌లోకి ఒక పడవ కొట్టుకొచ్చి నీళ్లు తీశాక అక్కడే ఉండిపోయిందట. కథే, రుజువు లేదు.

మైకెలాంజెలోకి దీంతో సంబంధం ఉందంటారు, నిజమా?

ఉంది. 16వ శతాబ్దం నడుమ పోప్ 3వ పాల్ ఈ వంతెన బలపరిచే పని మైకెలాంజెలోకి అప్పగించాడు. ఆయన పునాదుల దగ్గర పని మొదలుపెట్టాడు కూడా. తర్వాతి పోప్ హయాంలో పని ఆయన చేతిలోంచి తీసి నాన్ని ది బాచ్చో బీజో అనే ఇంకో శిల్పికి ఇచ్చారు. తక్కువ ఖర్చులో తొందరగా చేస్తానన్నాడని కారణం.

మైకెలాంజెలో శిష్యుడు జార్జో వసారి ఈ సంగతి కోపంగానే రాశాడు. నాన్ని వంతెనకు బరువుగా, ఆసరాగా ఉన్న ట్రావర్టీన్ అనే సున్నపురాయి దిమ్మలు తీసేసి అమ్ముకుని ఆ చోట గులకరాళ్లు నింపాడని ఆయన ఆరోపణ. ఒకరోజు వసారి, మైకెలాంజెలో ఇద్దరూ గుర్రాల మీద ఆ వంతెన దాటుతుంటే, “జార్జో, ఈ వంతెన మన కింద వణుకుతోంది, మనం పైనుండగా కూలకముందే త్వరగా పోదాం పద” అని గురువు అన్నాడట. కొన్నేళ్లకే 1557 వరద వచ్చింది. శిష్యుడు గురువు పక్షాన రాసిన మాట కాబట్టి కాస్త తగ్గించి చదువుకోవాలి. కానీ కూలిన మాట వాస్తవం.

కాస్త ఎగువనే ఉన్న ఫాబ్రీషియస్ వంతెన చెక్కుచెదరలేదు. ఇదే ఎందుకిలా?

మంచి ప్రశ్న. టైబర్ దీవిని ఎడమ గట్టుకు కలిపే ఫాబ్రీషియస్ వంతెన క్రీ.పూ. 62లో కట్టింది. లూసియస్ ఫాబ్రీషియస్ కట్టించాడని కమానుల మీద అక్షరాలు ఈనాటికీ చదవొచ్చు. అంతకంటే గొప్ప సంగతి ఇంకొకటుంది. క్రీ.పూ. 21లో అప్పటి కాన్సుళ్లు, అంటే రోమ్ అత్యున్నత అధికారులు, తనిఖీ చేసి సరిగ్గా ఉందని తేల్చిన మాట కూడా దాని మీదే చెక్కి ఉంది. ఇప్పటికీ దాని మీద జనం నడుస్తున్నారు.

తేడాకు మొదటి కారణం చోటు. దీవి దగ్గర నది రెండు పాయలుగా చీలుతుంది. ఫాబ్రీషియస్ ఒక పాయ మీదే ఉంది. రెండు కమానులు చాలాయి, నీళ్లలో ఒకటే స్తంభం. ఏమీలియస్ వంతెన మాత్రం రెండు పాయలూ మళ్లీ కలిసి సుడులు తిరిగే చోటుకి దిగువన ఉంది. మొత్తం నది భారం దాని మీదే. పైగా అది ప్రవాహానికి సరిగ్గా అడ్డంగా కాక కాస్త ఏటవాలుగా ఉండటంతో నీళ్లు స్తంభాల పక్కల మీద కొట్టేవి.

ఇక వరద అంటే ఉత్త నీళ్లే కాదు. చెట్లు, దుంగలు, పడవలు, వాటితోపాటు మిల్లులు కూడా. క్రీ.శ. 537లో గోత్ అనే జర్మన్ తెగవాళ్లు రోమ్‌ను ముట్టడించి తిరగళ్లు నడిపే నీటికాలువలు తెంచేస్తే, బెలిసేరియస్ అనే సేనాని పడవల మీద పిండిమరలు కట్టించి నది ప్రవాహంతోనే తిప్పించాడు. ఆ ఉపాయం జనానికి నచ్చింది. వెయ్యేళ్లకు పైగా టైబర్‌లో తేలే పిండిమరలు గొలుసులతో కట్టి ఉండేవి, దీవి చుట్టూ మరీ ఎక్కువ. పెద్ద వరదలో గొలుసు తెగితే ఇంటంత చెక్క కట్టడం నేరుగా వచ్చి కింది వంతెనకు గుద్దుకునేది. ఖానాల దగ్గర చెత్త అడ్డుపడితే వెనక నీటిమట్టం పెరిగి ఒత్తిడి రెట్టింపయ్యేది. స్తంభం అడుగున ఇసుక కోసుకుపోయేది. చాలా రాతి వంతెనలు పైనుంచి కూలవు, కిందినుంచి కూలతాయి.

మరి అప్పట్లో నీళ్ల మధ్య స్తంభాలు ఎలా కట్టారు?

రోమన్ల పద్ధతి ఇప్పటి ఇంజినీర్లకు కూడా సులువుగా అర్థమవుతుంది. నదిలో ఓక్ దుంగలు రెండు వరసలుగా గుండ్రంగా దిగ్గొట్టి, రెండు వరసల మధ్య బంకమట్టి కూరి గోడలా చేస్తారు. లోపలి నీళ్లు తోడేసి, గట్టి నేల తగిలేదాకా తవ్వి, పునాది వేస్తారు. నీళ్లలోనే గట్టిపడే సున్నం వాళ్లకు తెలుసు. నేపుల్స్ దగ్గరి పొజ్జువోలి ప్రాంతపు అగ్నిపర్వతం బూడిదను సున్నంలో కలిపి చేసేవాళ్లు.

స్తంభానికి ఎగువ వైపు పడవ ముక్కులాంటి మొన కడతారు, నీళ్లను చీల్చడానికి. ఆపైన కమానుకు చెక్కతో సెంట్రింగ్ వేసి, చీలికల్లా చెక్కిన రాళ్లను రెండు వైపులనుంచీ పేర్చుకుంటూ వచ్చి నడిమి రాయి బిగిస్తారు. అప్పుడు సెంట్రింగ్ తీసేసినా రాళ్లు ఒకదాన్నొకటి నొక్కుకుని నిలబడతాయి. స్తంభాల పైభాగంలో చిన్న కమాను కిటికీలు కూడా వదిలేవారు. వరద పొంగినప్పుడు గోడను తోయకుండా నీళ్లు వాటిలోంచి పోతాయి. పోంటె రోత్తోలో అలాంటి కిటికీ స్పష్టంగా కనిపిస్తుంది.

మూడు ఖానాలు మిగిలాయన్నారు, ఇప్పుడు ఒక్కటే ఉంది. మిగతా రెండూ కూడా వరదలోనే పోయాయా?

లేదు. అవి మనుషులు పడగొట్టారు.

1853లో పోప్ 9వ పయస్ కాలంలో విరిగిన చివర నుంచి ఎడమ గట్టుకు ఇనుప వేలాడే వంతెన వేసి, రెండున్నర శతాబ్దాల తర్వాత మళ్లీ దాటే వీలు కల్పించారు. పాత రాతి సగం, కొత్త ఇనుప సగం. చూడటానికి అందంగా లేదని అప్పట్లోనే తిట్టుకున్నారు గానీ, వంతెనగా పనికొచ్చింది.

తర్వాత 1870 డిసెంబరు వరద వచ్చింది. రోమ్ ఇటలీ రాజ్యంలో కలిసి మూడు నెలలే అయింది. 17 మీటర్లకు పైగా నీళ్లు. కొత్త ప్రభుత్వం ఇక ఊరుకోలేదు. 1876 నుంచి నదికి రెండు వైపులా ఎత్తైన రాతి కరకట్టలు కట్టడం మొదలుపెట్టారు. ఇవాళ టైబర్ ఎక్కడో లోతున, గోడల మధ్య పారుతున్నట్టు కనిపించేది అందుకే. ఆ పనుల్లో, పక్కన పోంటె పాలతీనో అనే కొత్త వంతెన కడుతూ, 1887లో ఇనుప వంతెనను తీసేసి ట్రాస్తెవెరె వైపు రెండు ఖానాలనూ కూల్చేశారు. ఒక్కటి వదిలారు.

కరకట్టలు ఊరిని కాపాడాయి, అందులో వాదన లేదు. కానీ ఇన్ని వరదలు తట్టుకుని నిలిచిన రెండు ఖానాలను, ఇక వరద భయం తీరబోతున్న రోజుల్లో పడగొట్టడం నాకు మింగుడుపడదు.

చక్రవర్తి శవాన్ని ఇక్కడినుంచే విసిరేశారట?

ఎలగబలస్ గురించి అడుగుతున్నారు. క్రీ.శ. 222లో కాపలా సైనికులే ఆ కుర్ర చక్రవర్తిని చంపారు. శవాన్ని ఈడ్చుకెళ్లి మురుగుకాలువలో తోయబోతే పట్టలేదనీ, అప్పుడు తేలకుండా బరువు కట్టి ఏమీలియస్ వంతెన మీదనుంచి నదిలో పడేశారనీ ఒక ప్రాచీన గ్రంథంలో ఉంది. ఆ గ్రంథం పుకార్లకు పేరుపడ్డది. అతణ్ని చంపి నదిలో వేసిన మాట వేరేచోట్ల కూడా ఉంది, వంతెన పేరు విషయం మాత్రం మీ ఇష్టం.

మన తెలుగు ప్రాంతానికీ ఈ వంతెనకూ ఏదైనా లింకు ఉందా?

వంతెనకు నేరుగా లేదు. దాన్ని బాగుచేయించిన అగస్టస్‌కు ఉంది. అగస్టస్, అతని వారసుడు టైబీరియస్ కాలపు రోమన్ నాణేలు మన నేలలో చాలాచోట్ల దొరికాయి. నల్లగొండ జిల్లా అక్కెనపల్లిలో బయటపడ్డ రోమన్ వెండి నాణేల కుప్ప వాటిలో పెద్దది. ఇక్కడ శాతవాహనుల కాలం, అక్కడ రోమన్ సామ్రాజ్యం మొదటి రోజులు. తూర్పు దేశాల సరుకుకు అక్కడ గిరాకీ, అక్కడి వెండి బంగారాలకు ఇక్కడ గిరాకీ. దీనికి మించి లాగితే అది చరిత్ర కాదు.

వంతెన పైకి ఎక్కొచ్చా? టికెట్ ఎంత?

ఎక్కలేరు, దానికి దారే లేదు. టికెట్ కూడా లేదు.

ఎక్కడినుంచి చూస్తే బాగుంటుంది?

అందరూ పోంటె పాలతీనో మీద నిలబడి ఫోటో తీసుకుంటారు. మరీ దగ్గర కాబట్టి డ్రాగన్ కనిపిస్తుంది గానీ, వంతెన ఎంత వెడల్పు నదిని దాటాల్సి వచ్చిందో తెలీదు. నేనైతే టైబర్ దీవి దక్షిణపు కొసకు వెళ్లమంటాను. మెట్లు దిగితే నీటి మట్టానికి దగ్గరగా రాతి అరుగు ఉంటుంది. అక్కడ రెండు పాయలూ కలిసి ఆ ఒంటరి కమాను వైపు ఎలా దూసుకుపోతాయో కళ్లారా చూడొచ్చు. పైన చెప్పిన ఇంజినీరింగ్ అంతా ఒక్క చూపులో అర్థమవుతుంది. వానాకాలంలో, ముఖ్యంగా నవంబరు, డిసెంబరుల్లో, నీళ్లు పెరిగితే ఆ అరుగు మునిగిపోతుంది. అప్పుడు దిగొద్దు.

మెట్రోలో వస్తే చిర్కో మాస్సిమో స్టేషన్‌లో దిగి నడవండి. దారిలోనే నోట్లో చెయ్యి పెట్టి ఫోటో దిగే ఆ రాతి ముఖం ఉన్న శాంటా మరియా ఇన్ కొస్మెదీన్ చర్చి, దానికి ఎదురుగా రెండు చిన్న రోమన్ గుళ్లు. దీర్ఘచతురస్రంగా ఉన్నది రేవుల దేవుడు పోర్తూనస్‌ది, గుండ్రంగా ఉన్నది హెర్క్యులిస్‌ది. రెండూ ఈ వంతెన బతికున్న రోజుల్లో దాని పొరుగువే. దగ్గర్లోనే ఎడమ కరకట్ట గోడలో రోమ్ పెద్ద మురుగుకాలువ క్లోవాకా మాక్సిమా నదిలో కలిసే కమాను కూడా ఉంది. జనం దాన్ని చూడకుండా వెళ్లిపోతుంటారు.

ఇలాంటి రోమన్ వంతెనలు ఇంకెక్కడున్నాయి?

విరిగినవి కావాలంటే ఇటలీలోనే నార్ని దగ్గర అగస్టస్ కాలపు వంతెన. అక్కడా ఒకటే కమాను మిగిలింది గానీ, దాదాపు 30 మీటర్ల ఎత్తు, దీన్ని మరిపిస్తుంది. డాన్యూబ్ నది మీద ట్రాజన్ చక్రవర్తి కట్టించిన మహా వంతెనకు రొమేనియా, సెర్బియా గట్ల మీద స్తంభాల మొదళ్లు ఉన్నాయి. నిక్షేపంగా ఉన్నవాటిలో స్పెయిన్‌లోని అల్కాంతరా వంతెన, ఇటలీలో రిమిని వంతెన గొప్పవి.

పక్కన ఉన్న కొత్త వంతెన మీద బండ్లు ఎడమవైపు నడుస్తాయంటారు. ఇటలీలో అదెలా?

నిజమే. పోంటె పాలతీనో మీద మాత్రం ట్రాఫిక్ మన దేశంలో లాగే ఎడమ పక్కన వెళ్తుంది. రెండు గట్ల మీదా ఉన్న రోడ్ల మలుపులు సులువవుతాయని అలా ఏర్పాటు చేశారు. అందుకే రోమ్ జనం దాన్ని ఇంగ్లీషు వంతెన అంటారు. పోంటె రోత్తో ఫోటో కోసం రోడ్డు దాటేటప్పుడు హైదరాబాద్‌లో లాగే ముందు కుడివైపు చూడండి. వంతెన దిగగానే మళ్లీ ఎడమవైపు.